ఆంగ్లభాషలో స్థాధాతుసంతతి

నిత్యవ్యవహారమున మన చెవిఁ బడుచున్న యాంగ్లపదములలో స్టాండు, స్టే, స్టేటు, స్టేషను, స్టేజి, స్టూలు, ఎస్టేటు, కాన్‌స్టేబులు, అరెస్టు, సిస్టము మొదలగువాని నొకచోటఁ జేర్చి చూచినచో వీనికిఁ బరస్పరసంబంధ మున్నదని సామాన్యునకుఁ దోఁపదు. ఠాణాలోని కాన్‌స్టేబులునకును, కూర్చుండెడి స్టూలునకును, జమీందారుని యెస్టేటునకును బంధుత్వ మెక్కడిది? అయినను వ్యాకరణము చదివినవాఁడు వీని మూలము నరయఁబోయినచో నివి యన్నియు నొక్క ధాతువునకు సంతానమని తెలిసికొని యాశ్చర్యపడును. ఆ ధాతువు మనకుఁ గ్రొత్తది కాదు. పాణినీయులు 'ష్ఠా' యని పఠించి గతినివృత్తి యని యర్థము చెప్పిన ధాతువే యది. ఆ సంతతి యాంగ్లమున నెట్లు శాఖోపశాఖలుగా వ్యాపించినదో, యొక్కొక్క శాఖయం దర్థ మెట్లు మాఱినదో, యీ విచారము పాఠశాలలలో బోధించు పండితుల కే తెఱఁగున నుపకరింపఁగలదో యిందు వివరింపఁబూనుచున్నాను.

ఇది వినోదమాత్రఫలమైన విచారము కాదు. నే నెఱిఁగిన యొక వృద్ధకృషీవలుఁడు దాయాదులతోఁ బెక్కేండ్లు వ్యాజ్యమాడి, యింటిస్థలమును గూర్చి దిగువన్యాయస్థానమునఁ దీర్పు పొందెను. ప్రతివాది పైన్యాయస్థానమున కప్పీలు చేసికొని, యా తీర్పు నమలు జరుపకుండ 'స్టే' యుత్తరువు తెచ్చెను. ఆ కాగితము వృద్ధుని చేతికి వచ్చినప్పుడు దానిఁ జదువఁగలవాఁ డా యింట మనుమఁ డొక్కఁడే. బాలుఁడు బడిలో 'స్టే' యనఁగా 'ఉండుట' యని నేర్చినవాఁడు. "తాతా, స్టే యిచ్చినారఁట, మనల నక్కడ నుండుమన్నారు" అని చెప్పెను. వృద్ధుఁడు సంతోషించి, యప్పు తెచ్చి యా స్థలమునఁ బునాది త్రవ్వించెను. పిదప న్యాయస్థానపుటుత్తరువును ధిక్కరించితివని యాతనిపై నభియోగము రాఁగా సంజాయిషీ చెప్పికొనవలసివచ్చెను. పునాది పూడిపోయెను, అప్పు నిలిచెను. బాలుఁడు చెప్పిన యర్థ మబద్ధము కాదు. ఒక్క యర్థమే నేర్చియుండుట యాతని లోపము. ఆ లోప మాతనిది మాత్రమే యనుటకు నాకు నోరాడదు. ఆ బడిలో నాతనికి భాష చెప్పినవారిలో నేనును నొకఁడను.

ఇఁక ధాతువిచారము. ధాతుపాఠమున నీ ధాతువు మూర్ధన్యషకారాదిగాఁ బఠింపఁబడినను ధాతువు మొదటి షకారమునకు సకారము విధింపఁబడుటచే 'స్థా' యగుచున్నది. వర్తమానాదులయం దిది 'తిష్ఠ' యను రూపమును బొందును. పాణిని దీని నాదేశముగా విధించెను. ప్రేరణార్థమున, నాకారాంతములగు నితరధాతువులకుఁ బోలె, దీనికిని బుగాగమము వచ్చి 'స్థాపి' యగును. ఇట్లు స్థా, తిష్ఠ, స్థాపి యని మూఁడురూపములు మనకు సిద్ధించుచున్నవి. ఈ మూఁటిని జ్ఞప్తియందుంచుకొన్నచో నాంగ్లపదరాశి తనంతఁ దానే మూఁడు కుప్పలుగాఁ జీలిపోవును.

1786వ సంవత్సరమున సర్ విలియం జోన్సు కలకత్తాలోని యేషియాటికు సంఘమున నుపన్యసించుచు, సంస్కృతము, గ్రీకు, లాటిను భాషల ధాతువులయందును వ్యాకరణరూపములయందును గల సామ్యము యాదృచ్ఛికము కాఁజాలదనియు, నవి యొక్క మూలమునుండి పుట్టియుండుననియుఁ బ్రకటించెను. ఆ మార్గముననే పిదపఁ దులనాత్మకశబ్దశాస్త్రము వృద్ధిపొందినది. దానిని బట్టి చూడఁగా లాటినునందు మన 'స్థా'కు దీటుగా నిలుచుట యను నర్థమున 'స్తారే' యను క్రియయు, మన 'తిష్ఠ'కు దీటుగా 'సిస్తెరే' యను క్రియయు, మన 'స్థాపి'కి దీటుగా నెలకొల్పుట యను నర్థమున 'స్తతుఎరే' యను క్రియయుఁ గలవు. గ్రీకునందు 'హిస్తేమి' యున్నది. అచ్చట మొదటి సకారము హకారమైనది. సిస్తెరే, హిస్తేమి, తిష్ఠతి యను మూఁటియందును మొదటి యక్షర మభ్యాసమే. పాణిని లాఘవమునకై యాదేశముగాఁ జెప్పినదానిని దులనాత్మకశాస్త్రజ్ఞులు ద్విర్భావముగాఁ జూచుచున్నారు. ఇది దృష్టిభేదమే కాని విరోధము కాదు. 'స్తతుఎరే' మాత్రము 'స్తతుస్' అను నామమునుండి పుట్టిన నామధాతువు వంటిది గాన నిష్పత్తియందు స్థాపికిఁ దుల్యము కాదు. అర్థమునందు మాత్రమే తుల్యము.

ఆంగ్లమున కీ పదములు రెండుత్రోవల వచ్చినవి. జర్మానికభాషాకుటుంబమునుండి తనకుఁ బుట్టుకతోనే సంక్రమించినవి కొన్ని. 1066వ సంవత్సరమున నార్మనులు జయించినపిదపఁ బరాసుభాషద్వారమునను, దరువాత విద్వాంసుల వ్రాఁతలవలనను లాటినునుండి వచ్చినవి కొన్ని. మనకుఁ బరిచితమగు పరిభాషలోఁ జెప్పవలెనన్న మొదటివి దేశ్యములవంటివి. పరాసు నోట నరిగి వచ్చినవి తద్భవములవంటివి. లాటినునుండి యున్నవి యున్నట్లు గ్రహింపఁబడినవి తత్సమములవంటివి. 'స్తతుస్' అను నొక్క లాటినుపదమే 'స్టేటస్సు' అను తత్సమముగను, 'ఎస్టేటు', 'స్టేటు' అను రెండు తద్భవములుగను నాంగ్లమున నున్నది. మూఁటికి నర్థములు వేఱు. మన భాషలోఁ బ్రకృతివికృతులు రెండును నిలిచి, యర్థభేదమునుఁ బొందుట యెట్టిదో యిదియు నట్టిదే.

ముందుగా దేశ్యశాఖను జూతము. 'స్టాండు' అనఁగా నిటారుగా నిలుచుట. దానినుండి కదలకుండుట, చెల్లుబాటగుట, ఓర్చుట, యెన్నికలకు నిలుచుట యనునర్థములు వచ్చినవి. నామముగాఁ బ్రయోగించినప్పుడు నిలుచు తావు, నిలిపెడి యుపకరణము, ఒకవిషయమున నవలంబించిన పక్షము అను నర్థముల నిచ్చును. 'స్టాండింగు కమిటీ'ని మనవారు స్థాయీసంఘ మనిరి. అలంకారశాస్త్రమున స్థాయిభావమును జదివినవారి కీ యనువాద మెంత సమంజసమో చెప్పనక్కఱలేదు. ఇతరసంఘములు వచ్చిపోవును, ఇది నిలుచును. 'అవుట్‌స్టాండింగు' అనునది మాత్రము బాలకులను మోసపుచ్చు పదము. పరీక్షాధికారి వ్రాసినచో నది యసాధారణప్రజ్ఞ. వడ్డీవ్యాపారి వ్రాసినచోఁ దీరనిబాకి. యోగార్థము రెండింటికి నొక్కటియే, వెలికి నిలిచియుండుట. ఒకఁడు గుంపునుండి వెలికి నిలిచెను, ఒక మొత్తము చెల్లింపువెలుపల నిలిచెను.

'స్టెడ్డు' అను ప్రాఁతపదమునకు స్థానమని యర్థము. ఇది రూపమునను మన 'స్థితి' శబ్దమునకు సోదరము. నేఁడది యొంటరిగాఁ బ్రయోగింపఁబడుట యరుదు. కాని 'ఇన్‌స్టెడ్డు' అను నవ్యయమున జీవించియున్నది. దానికి 'స్థానమునందు' అని యక్షరార్థము. ఒకదాని స్థానమున వేఱొకటి యని చెప్పుటకు దీనిని బ్రయోగింతురు. పాణిని యాదేశప్రకరణమున షష్ఠీవిభక్తికి స్థానసంబంధమునే యర్థముగా నియమించెను. స్థానియు నాదేశమును నను మన పరిభాషయు నాంగ్లేయుల 'ఇన్‌స్టెడ్డు'ను నొక్క ధాతువుమీఁదనే, యొక్క భావముమీఁదనే యేర్పడినవి. వ్యాకరణము చదివిన బాలుని కీ పదమును బోధించుట కింతకంటె సులభోపాయ మేమున్నది? 'స్టెడీ' యనఁగా స్థిరము, 'స్టెడ్‌ఫాస్టు' అనఁగా స్థానమును విడువనిది.

'స్టూలు' తొలుత సామాన్యముగా నాసనవాచకము. రాజుల సింహాసనమును గూడ నది తెలుపుచుండెను. పరాసుపదమగు 'చెయిరు' వచ్చి గౌరవాసనమును గైకొనఁగా, స్టూలు వీఁపుదన్ను లేని చిన్నపీఁటకు దిగిపోయినది. అంతటితో నాగక, రోగులకొఱకుఁ బల్లక్రిందఁ బాత్ర నమర్చిన యాసనమునకుఁ బేరై, తుదకా పాత్రయందలి వస్తువునకే పేరయ్యెను. వైద్యుఁడు 'స్టూలు' పరీక్షింపవలెనన్నప్పుడు పీఁట నెత్తుకొనిపోఁదగదు.

ఈ శాఖలో మిక్కిలి విచారణీయమైనది 'అండర్‌స్టాండు'. తెలిసికొనుట యని దీని యర్థము. 'అండర్' అనఁగాఁ గ్రింద, 'స్టాండు' అనఁగా నిలుచుట. క్రింద నిలుచుటకును, దెలిసికొనుటకును సంబంధమేమి? ప్రాచీనాంగ్లమున 'అండర్' అను రూపమున రెండుపదములు కలిసిపోయినవి. ఒకటి మన 'అధర' శబ్దబంధువు, క్రింద ననునది. రెండవది మన 'అంతర్' శబ్దబంధువు, నడుమ ననునది. 'అండర్‌స్టాండు'లో నున్నది రెండవదని పెక్కుమంది శబ్దశాస్త్రజ్ఞుల మతము. విషయమునడుమ నిలుచువాఁడు దానిని దెలిసికొనును. ఈ యోగమును సంస్కృతమునఁ జేర్చినచో నంతర్ అను దానికి స్థ చేరి 'అంతఃస్థ' యగును. మనకంతఃస్థ లనఁగా య-ర-ల-వలు. అచ్చులకును స్పర్శములకును నడుమ నిలిచినవి. అవే యవయవములు, అదే కూర్పు. ఒకభాషలో నది జ్ఞానమైనది, మఱియొకభాషలో వర్ణవిభాగమైనది. అవయవార్థము నెఱిఁగినంతమాత్రమున సముదాయార్థము సిద్ధింపదనుట కింతకంటె నిదర్శనము వలదు. గ్రీకులును జ్ఞానార్థమున నిట్లే 'ఎపి' యను నుపసర్గముతో నీ ధాతువునే ప్రయోగించిరి. దానికి 'పై నిలుచుట' యని యక్షరార్థము. ఒకరికి నడుమ నిలుచుట జ్ఞానము, ఒకరికిఁ బై నిలుచుట జ్ఞానము.

ఇఁక లాటినునుండి వచ్చిన శాఖ. 'స్టేటు'నకు మొదటి యర్థము స్థితి, అనఁగా నున్నదశ. రోగి స్టేటు, మనస్సు స్టేటు అనునవి యిట్టివి. మనుష్యుఁ డున్నదశనుబట్టి యంతస్తు, అంతస్తునుబట్టి వైభవము నని యర్థము విస్తరించెను. దేశముయొక్క స్థితి, రాజుయొక్క స్థితి యను ప్రయోగములనుండి క్రమముగా దేశము నేలు వ్యవస్థయే 'స్టేటు' అనఁబడెను. ఇటలీదేశీయుఁడగు మాకియవెల్లి 1513వ సంవత్సరమున రచించిన రాజనీతిగ్రంథమున నిదే పదముయొక్క యిటలీరూప మీ నూతనార్థమునకు సమీపించుట చరిత్రకారు లెఱిఁగినదే. భారతరాజ్యాంగమున నొక్క 'స్టేటు' పదమే రెండర్థముల నున్నది. ప్రథమాధికరణమున నది రాష్ట్రము. పండ్రెండవయధికరణమున నది కేంద్రప్రభుత్వము, పార్లమెంటు, రాష్ట్రప్రభుత్వములు, శాసనసభలు, స్థానికాధికారసంస్థలు నన్నియుఁ జేరిన ప్రభుత్వశక్తి. పౌరుని ప్రాథమికహక్కులను 'స్టేటు' హరింపరాదని యున్నచోట 'రాష్ట్ర' మని మాత్రమే గ్రహించినవాఁడు కేంద్రప్రభుత్వమునుండి తనకుఁ గల రక్షణము నెఱుఁగకపోవును. ఆచ్చోట రాజ్యమనియు, నీచ్చోట రాష్ట్రమనియు మన భాష వేఱుపఱుపఁగలుగుట మన యదృష్టము. క్రియగాఁ బ్రయోగించినచో 'స్టేటు' అనఁగా స్పష్టముగాఁ జెప్పుట. మనవారు పక్షమును స్థాపించుట, సిద్ధాంతమును బ్రతిష్ఠించుట యందురుగదా, యదియే భావము.

'ఎస్టేటు' అంతస్తునుండి, యంతస్తునకాధారమగు భూసంపదకుఁ బోయినది. మన దేశమున 1908వ సంవత్సరపు మదరాసు ఎస్టేటుభూముల చట్టమువలనను, జమీందారీలను రద్దుచేసిన 1948వ సంవత్సరపుఁ జట్టమువలనను నీ పదము పల్లెటూళ్లలోఁ గూడ నాటుకొన్నది. కాని ఫ్రాన్సుచరిత్రమున 1789వ సంవత్సరమునఁ గూడిన మూఁడు ఎస్టేటులు భూములు కావు. మతాచార్యులు, ప్రభువులు, సామాన్యులు నను మూఁడు వర్గములు. పత్రికలను నాలుగవ ఎస్టేటనుట దీనినిబట్టి వచ్చినదే. దానిని నాలుగవ జమీ యని భాషాంతరీకరించుట హాస్యాస్పదము.

స్టాచ్యూ, స్టాచరు, స్టాట్యూటు, స్టేటస్సు అను నాలుగును వ్రాఁతలో నొకటి రెండక్షరముల భేదము గలవి. విద్యార్థులు వీనిఁ దఱచుగాఁ దాఱుమాఱు చేయుదురు. నిలిపిన విగ్రహము మొదటిది. నిలిచినప్పటి పొడవు రెండవది. శాసనసభ నెలకొల్పిన చట్టము మూఁడవది. సంఘమున నిలిచిన తావు నాలుగవది. నిలుచుట యను సూత్రమున వీనిని గ్రుచ్చి చెప్పినచో బాలుఁ డొక్కసారికే గ్రహించును.

'స్టేషను' నిలుచుట, నిలుచుచోటు. బండి నిలుచుచోటు రైలుస్టేషను. రక్షకభటు లుండుచోటు పోలీసుస్టేషను. 'స్టేజి' నిలుచు వేదిక. నటులు నిలుచునది నాటకపు స్టేజి. ప్రయాణమున నొక మజిలీనుండి మఱియొక మజిలీకి నడిమిదూరమును స్టేజియే. దానినుండియే కార్యమున నొక్కొక్కదశ స్టేజి యైనది. మన పల్లెలలో బస్సు నిలుచు తావును స్టేజి యనుట యీ రెండవయర్థమునకుఁ జెందినది. అది యజ్ఞానుల యపభ్రంశమని నవ్వువారు తమ యజ్ఞానమునకే నవ్వుకొనవలెను.

'స్టేబులు' విశేషణముగా స్థిరమని యర్థము. నామముగా గుఱ్ఱపుశాల, అనఁగాఁ బశువులు నిలుచుచోటు. మనకు 'గోష్ఠము' ఆవులు నిలుచుచోటు. గోశబ్దముపై స్థశబ్దమునకు షత్వమును బాణిని విధించెను. ఆ గోష్ఠమునుండి 'గోష్ఠి' పుట్టి విద్వత్సభ కర్థమైనది. గోవులు నిలుచు తావునుండి పండితులు కూడు సభకుఁ బద మెక్కివచ్చినది. ఆంగ్లమున నిట్టి కథయే వేఱువిధముగా నడచినది. లాటినున 'కోమెస్ స్తబులి' యనఁగా నశ్వశాలాధిపతి. రాజాశ్వముల కధికారియైనవాఁడు సేనకే యధికారి యయ్యెను. ఫ్రాన్సుదేశమున నీ పేరిటి పదవి సేనాధిపత్యమునకుఁ బర్యాయమై వెలసి 1627వ సంవత్సరమున రద్దయినది. ఆ పదమే యాంగ్లమునఁ గాన్‌స్టేబులై, నేఁడు మన వీథులలో రక్షకభటులందుఁ గడపటి తరగతివాని పేరైనది. గోష్ఠశబ్దము పైకెక్కినది, అశ్వశాలాశబ్దము పైకెక్కి మరల దిగినది. పదములకును మనుష్యులకుఁ బోలె దశావిపర్యయములు గలవు.

'కాస్టు' అనఁగా వెల. 'కోన్' అను నుపసర్గముతోఁ గూడిన స్తారే దీనికి మూలము. ఇంతకు నిలిచినది యనుట. మనము 'ఈ బండి యెంత పడినది?' యని యడుగుదుము. వారికి వెల నిలుచును, మనకు వెల పడును. 'రెస్టు' అనఁగా మిగిలినది, వెనుక నిలిచినది. మన లెక్కలలో శేషమును 'నిలువ' యనుట సరిగా నిదియే. అయితే విశ్రాంతి యను నర్థముగల 'రెస్టు' వేఱుపదము. అది జర్మానికము, దానికిని దీనికిని రూపసామ్యమే కాని ధాతుసంబంధము లేదు. 'అరెస్టు' కదలకుండ నిలుపుట. మనము మొదటఁ జెప్పిన 'స్టే'యు స్తారేనుండి పరాసుద్వారమున వచ్చినదే. నిలిచియుండుట, నిలుపుదల చేయుట యను రెండర్థములు దానియం దున్నవి. న్యాయస్థానమున రెండవదియే ప్రసిద్ధము.

ఉపసర్గయోగమున ధాత్వర్థము బలాత్కారముగా వేఱుచోటికిఁ గొనిపోఁబడునని మన శాబ్దికులు చెప్పుదురు. స్థాధాతు విందులకు ముఖ్యోదాహరణము. గతినివృత్తి యర్థముగాఁ గల ధాతువే 'ప్ర'తోఁ గూడి ప్రస్థానమై గతినే చెప్పుచున్నది. సమ్, అవ, ప్ర, వి యను నుపసర్గలపై నీ ధాతు వాత్మనేపదము నొందుననియు, 'ఉత్' పూర్వకమైనప్పుడు పైకి లేచుట యర్థము కానిచో నాత్మనేపద మగుననియుఁ బాణిని విధించుటచే, నర్థభేదము రూపభేదమునకుఁ గారణ మగునని స్పష్టము. ఆంగ్లమునను నీధాతుసంబంధియైన 'డెస్టినేషను' పోవలసినచోటును జెప్పుచున్నది.

స్తారే సంబంధులు 'స్టాన్సు' అను తుదిగలవి. 'సర్కమ్‌స్టాన్సు' చుట్టు నిలిచినది, అక్షరాల మన 'పరిస్థితి'. 'డిస్టన్సు' వేఱై నిలుచుట, దూరము. 'సబ్‌స్టాన్సు' క్రింద నిలిచినది, గుణముల కాధారమగు ద్రవ్యము. దానినుండి సారము, ధనము నను నర్థములు. దీనిలోని 'సబ్' మన 'ఉప' శబ్దబంధువు. కాని మన ఉపస్థితి సన్నిధానము, ఉపస్థానము సేవ. ద్రవ్యమున కేమాత్రము సంబంధింపవు. 'ఇన్‌స్టంటు' పైఁ బడి నిలిచినది, కనుకఁ ద్వరగలది, కనుక నీక్షణము. పూర్వపుఁ గచ్చేరీయుత్తరములలోఁ దేదీ ప్రక్కన దీనిని వ్రాసినచో నీ నెల యని యర్థము. న్యాయస్థానముల తీర్పులలో నిది 'ప్రస్తుతపు' అను నర్థమునఁ గాననగును. ఆచ్చోట దీనికిఁ ద్వరితమని యర్థము చెప్పువాఁడు పొరపడును. 'ఇన్‌స్టన్సు' మిక్కిలి చిత్రమైనది. మధ్యయుగమున నైయాయికులు సామాన్యవచనమునకుఁ బ్రతిబంధకముగాఁ జూపెడి దృష్టాంతమున కీ పేరు పెట్టిరి. అనఁగా నది ప్రత్యుదాహరణము. కాలక్రమమునఁ బ్రతిత్వము జాఱిపోయి కేవలోదాహరణము మిగిలినది.

సిస్తెరే సంబంధులు, అనఁగాఁ దిష్ఠరూపమునకు దీటైనవి, 'సిస్టు' అను తుదిగలవి. ప్రక్క నిలుచుట 'అసిస్టు', సాయపడుట. ఎదిరించి నిలుచుట 'రెసిస్టు'. పట్టుపట్టి నిలుచుట 'ఇన్‌సిస్టు'. కడవఱకు నిలుచుట 'పెర్‌సిస్టు'. తొలఁగి నిలుచుట 'డెసిస్టు', మానుట. కూడి నిలుచుట 'కన్‌సిస్టు', కలిగియుండుట. వెలికి నిలుచుట 'ఎగ్జిస్టు', ఉనికి. గ్రీకునుండి వచ్చిన 'సిస్టము'నందు 'సమ్' అర్థముగల యుపసర్గ మున్నది గాన, నది మన 'సంస్థ'కు సమానయోగము. అర్థము మాత్రము వ్యవస్థ. స్తతుఎరే సంబంధులు, అనఁగా స్థాపిరూపమునకు దీటైనవి, 'స్టిట్యూటు' అను తుదిగలవి. 'ఇన్‌స్టిట్యూటు' స్థాపించుట, స్థాపింపఁబడిన సంస్థ. 'సబ్‌స్టిట్యూటు' ఒకదాని స్థానమున నిలిపినది, ఆదేశము. 'కాన్‌స్టిట్యూషను' కూడఁ గూర్చి నిలిపినది. దేశమునకైనచో రాజ్యాంగము, దేహమునకైనచోఁ బ్రకృతి.

కావున నీ పదము లన్నియు యోగరూఢములు. పంకమునఁ బుట్టినవన్నియుఁ బంకజములు కానట్లే, నడుమ నిలిచినవన్నియు జ్ఞానములు కావు. యోగము పదమునకుఁ బుట్టినయూరు. రూఢి యది కాపురమున్న యూరు. యోగమును విడిచినచో నర్థములు చెల్లాచెదరై జ్ఞప్తికి భారమగును. రూఢిని విడిచినచోఁ బండితుఁడు వృద్ధుని మనుమనివలెఁ బొరపడును.

ఒక హెచ్చరిక. 'స్ట' కారముతో మొదలై నిలుపుదల నర్థము చెప్పినంతమాత్రమునఁ బదము స్థాధాతుజము కాదు. 'స్టాపు' ఇందు కుదాహరణము. నారపీచుతో రంధ్రమును మూయుట దానికి మూలార్థమని పెక్కుమంది మతము. మనకును నిట్టి భ్రాంతులు గలవు. నిలయము తెలుఁగు నిలుచునుండి వచ్చినట్లు కానవచ్చును, కాని యది 'ని' పూర్వకమగు లీధాతుజన్యమైన సంస్కృతపదము. నెలవు మాత్రము తెలుఁగు.

తెలుఁగు 'నిలుచు'నకును స్థాధాతువునకును జుట్టఱికము లేదు. దక్షిణదేశభాషలు సంస్కృతజన్యములు కావని 1816వ సంవత్సరమునఁ గాంబెలుదొర తెలుఁగువ్యాకరణమునకుఁ జేర్చిన పీఠికావ్యాఖ్యానమున నెల్లిసుదొర నిరూపించెను. నిలుచు తమిళకన్నడములతోఁ బంచుకొన్న ద్రావిడధాతువు. అయినను దాని సంతతిని జూడుఁడు. నిలువు నిటారైనది. నిలువ శేషము, చెడకుండ దాఁచినది. నిలుకడ స్థైర్యము. నిలుపుదల యాపుట. నెలవు నివాసము. మాట నిలుపుకొనుట సత్యసంధత. స్టాండు, రెస్టు, స్టెడీ, స్టే, స్టేషను అను పదములు పోయిన త్రోవలనే చుట్టము కాని మన ధాతువును బోయినది. కావున నీ యర్థపరిణామము రక్తసంబంధమువలనఁ గలిగినది కాదు, మానవబుద్ధికి సహజమైనది. మొదట దేహము నిలిచినది. దానిఁ జూచి మాటయు, ధనమును, రాజ్యమును నిలుచునని మనుష్యుఁడు గ్రహించెను.

పాఠశాలాపండితులకు నా మనవి యిది. ఆంగ్లము మనవిషయము కాదని యూరకుండరాదు. ధాతూపసర్గప్రత్యయవివేచనము మన చేతిలోని దీపము. ఒక పదము వచ్చినప్పుడు దాని ధాతువును జెప్పి, యుపసర్గమును విడఁదీసి, పిదప నది యింటనేమి, కచ్చేరియందేమి, వైద్యశాలయందేమి యని స్థానభేదమున నర్థభేదమును జూపవలెను. మాటకు మాట యొక్కటే వ్రాయించు పట్టికలు పరీక్షకుఁ జాలును, బ్రదుకునకుఁ జాలవు. నేను మా బడిలో నిపుడు 'స్టే' వచ్చినపుడెల్లఁ బలకపై రెండు గడులు గీసి, యొకదానిలో 'ఉండుట', రెండవదానిలో 'నిలుపుట' యని వ్రాయించుచున్నాను. ఆ వృద్ధుని పునాది పూడినచోట నిప్పటికిని గోడ లేవలేదు. ఈ వ్యాసమందలి దోషములను విద్వాంసులు సవరించి, యిట్టి యితరధాతుసంతతులను గూర్చియు వ్రాయుదురుగాక.